రోసమ్మ ముందుగుంట

కార్ఖానా బస్తీ దాటి ఉత్తరంగా పోతే, మిలిట్రీ లైన్ల వెనక, చుట్టూ రాతిగోడ కట్టిన చిన్న క్రైస్తవ సమాధుల తోట ఒకటి ఉండేది. గేటు పక్కన ఒకే గది, దాని ముందు పెంకుల వసారా. ఆ గదిలోనే రోసమ్మ కాపురం. పొట్టి మనిషి, మాట తక్కువ. నడిస్తే కుడి భుజం కొంచెం కిందికి వాలేది. ఏళ్ల తరబడి గడ్డపార ఎత్తినవాళ్ల భుజం అలాగే వాలుతుంది. ఆడమనిషి గుంటలు తవ్వడమేమిటని సంఘంలో చాటుగా అనుకునేవాళ్లు. అనుకున్నవాళ్లే అవసరం పడినప్పుడు ఆమె గుమ్మం ముందు నిలబడి, కళ్లు తుడుచుకుంటూ, "జెర జల్ది తవ్వు రోసమ్మా" అనేవాళ్లు.

ఆ పని ఆమెకు మగడు అబ్రహాం నేర్పాడు. మెదక్ వైపు నుంచి పెళ్లి చేసుకుని వచ్చేనాటికి ఆమెకు చీర కుచ్చెళ్లు సరిగా పోసుకోవడం కూడా రాదు. గోడలకు అవతల ఎవరూ తెలియదు, గోడలకు ఇవతల ఉన్నవాళ్లెవరూ మాట్లాడరు. అబ్రహాం గుంటలోకి దిగితే ఆమె పైన నిలబడి తట్ట అందుకునేది. అతను ఊరికే తవ్వేవాడు కాదు, తవ్వుతూ మాట్లాడేవాడు.

"చూడు, గీ పైన నల్లగున్నది గడ్డీ ఆకూ చచ్చి అయింది. పురుగులూ ఎర్రలూ తిని వదిలింది. దాని కింద ఎర్రది బండ తుప్పు. ఇనుము తుప్పు పట్టదా, గట్లనే. ఇంక కింద పలుకు పలుకుగుంది చూసినవా, మొరం. గది సగం చచ్చిన బండ. అడుగుకు పోతే బండ. అన్నిటికి గదే తల్లి."

"బండ చస్తదా?"

"ఎండకు ఉబ్బుతది, వానకు సల్లబడ్తది. ఉబ్బి ఉబ్బి పగుల్తది. పగిలిన కాడ గడ్డివేరు దూర్తది. ఇంగ ఆగదు."

"ఎన్నేండ్లకయితది గీ మన్ను?"

"నువ్వు ముసల్దానివై, నీ మనుమరాలు ముసల్దైనా గోరు మందం పెరగదు. పెరిగినంత సేపు పట్టదు పోవుడు. ఒక్క గట్టి వానకు కొట్కపోతది."

తోట గేటు వైపు ఎత్తు, వెనక మూల పల్లం. కింద ఉన్నది ఒకే బండ, పడేది ఒకే వాన. అయినా గేటు దగ్గర జానెడు తవ్వితే పార ఖంగుమనేది, వెనక మూలన నడుం లోతు దాకా మన్నే. వాన పైన కడిగి కింద పెట్టేది. సంఘంలో స్తోమత ఉన్నవాళ్లు రోడ్డుకు కనబడేలా గేటు దగ్గరే పడుకోవాలని కోరుకునేవాళ్లు. వాళ్ల కోసం ఒడ్డెవాళ్లు వచ్చి బండ పగలగొట్టేవాళ్లు. మిగిలినవాళ్లందరికీ వెనక మూలే. "పెద్దోళ్లకు బండ, పేదోళ్లకు మన్ను" అని అబ్రహాం నవ్వేవాడు.

ఆ మూల మన్ను కూడా ఎండాకాలంలో ఇటుకలా బిగుసుకునేది. పొద్దున చచ్చినవాళ్లకు సాయంత్రానికి గుంట సిద్ధం చెయ్యడం ఒక మనిషి వల్ల అయ్యేది కాదు. అందుకని అబ్రహాం వానలప్పుడు, నేల మెత్తగా ఉండగానే, ఒక గుంట ముందుగా తవ్వి పెట్టేవాడు. తెరిచిన గుంట మనిషిని పిలుస్తుందని జనానికి భయం. కాబట్టి దాన్ని తెరిచి ఉంచేవాడు కాదు. రాలిన ఆకులు, వాడిన పూలదండలు, కోసిన గడ్డి దాని నిండా వేసి, పైన పలచగా మన్ను కప్పేవాడు. చావు కబురు వస్తే ఆ మెత్తటి సరుకంతా తట్టలతో తీసి పక్కన పెట్టేవాళ్లు. మనిషిని దింపి, గోడ పక్కన పోగు పెట్టిన మొరంతో పూడ్చేవాళ్లు. తర్వాత ఇంకో గుంట తవ్వి, తీసి పెట్టిన మెత్తటి మన్ను దాంట్లోకి మార్చేవాళ్లు. ప్రతి ఏడూ కొత్త ఆకు కలిసేది, కుళ్లి కిందికి దిగేది. అలా ఒక గుంట నుంచి ఇంకో గుంటకు మారుతూ ఆ మన్ను నల్లబడింది. చేతిలోకి తీసుకుంటే అటుకుల ముద్దలా ఉండేది, తొలకరి వాసన వేసేది.

దాన్ని వాళ్లు ముందుగుంట అనేవాళ్లు. అప్పటి జకర్యా పాదిరిగారికి తప్ప సంఘంలో ఎవరికీ దాని సంగతి తెలియదు. చెప్పలేదు కూడా. బతికున్నవాళ్ల కోసం గుంట తవ్వి పెట్టామని ఏ నోటితో చెబుతారు?

యుద్ధకాలంలో జ్వరంతో అబ్రహాం పోయాడు. జకర్యా పాదిరిగారు గది ఖాళీ చెయ్యమనలేదు. "నీ చేతికి పని తెలుసు, చెయ్యి" అన్నాడు. ఆ తర్వాత ఆయన బదిలీ మీద కోస్తాకు వెళ్లిపోయాడు. రోసమ్మకు మిగిలింది గది, పార, మగడి చేతి మన్ను, మరిది పేతురు.

పేతురు పాకే వయసులో తల్లి పోతే రోసమ్మే పెంచింది. వాడు పెద్దయి గుంటల పని నాకొద్దన్నాడు. లారీ మీద క్లీనరుగా చేరి డ్రైవరయ్యాడు. ఆ లారీ పట్నంలో ఒక సేటుది. నలభై ఎనిమిది ఎండాకాలంలో లారీతో పోయినవాడు తిరిగి రాలేదు. సేటుకు రజాకార్లతో రాకపోకలున్నాయని, ఆ లారీలో బస్తాల కింద తుపాకులు పోతున్నాయని కార్ఖానాలో చెప్పుకున్నారు. రోసమ్మ విని ఊరుకుంది. అవునని అనలేదు, కాదని అనడానికి ఆమె దగ్గర ఏమీ లేదు.

సెప్టెంబరులో యూనియన్ మిలిట్రీ వచ్చింది. ఆ నాలుగు రోజులూ సంఘమంతా గుడిలోనే తలదాచుకుంది, రోసమ్మ కూడా. తిరిగి వచ్చేసరికి వెనకగోడ ఒకచోట కూలి ఉంది. వానకు కూలిందనుకుంది. వారం తిరక్కముందే ఒక తెల్లవారుజామున ఆ కూలినచోటు నుంచే పేతురు లోపలికి దూకాడు. గడ్డం మాసింది, దవడలు లోపలికి పోయాయి, లారీ లేదు.

"ఏడున్నవ్ రా ఇన్ని దినాలు?"

"ఉన్న."

"ఏడ?"

"ఆకలైతుంది వదినె. ఏమన్న ఉంటే పెట్టు."

తిని పడుకున్నాడు. లేచాక కూడా చెప్పలేదు. అడిగితే గోడకేసి తిరిగేవాడు.

పాలు పోసే అనసూయమ్మ పాక వెనకగోడకు ఆనుకునే ఉండేది. చెంబు అందిస్తూ గోడ మీదుగా తొంగి చూసింది.

"రోసమ్మక్కా, మీ మరిది వచ్చిండంట గద!"

"ఎవరు చెప్పిండ్రు?"

"ఎవలో చెప్పాల్నా? మా బర్రె చెప్పింది. మనిషి గోడ దుంకంగనే తలుగు తెంపుకున్నది." ఆమె గొంతు తగ్గించింది. "దుంకుడు కంటె ముందు సుత గా మూలకు ఏందో అలికిడైంది. తవ్వినట్లు, పోసినట్లు. నాకెందుకులే అనుకున్న. కాలం మంచిగ లేదు గద."

రోసమ్మ చెంబు వసారాలో పెట్టి, చీపురు తీసుకుని, ఊడుస్తున్నట్టే వెనక మూలకు పోయింది. ముందుగుంట దగ్గర చీపురు ఆగింది.

తను తొలకరిలో కప్పింది ఎర్రమన్ను. రెండు వానలు పడితే దాని మీద సన్నగడ్డి లేచి ఉండాలి. ఇప్పుడు అక్కడ గడ్డి లేదు, ఎర్రమన్ను లేదు. పైన మొరం ఉంది. కింద ఉండాల్సింది పైకి వచ్చింది. అబ్రహాం చెప్పిన వరస తలకిందులైందంటే ఎవరో తవ్వారన్నట్టే. తవ్వి, ఏదో చేసి, పూడ్చారు.

గదిలోకి వచ్చి చూస్తే మూలన పార ఉంది. దాని అంచుకు తడి మొరం అంటుకుని ఉంది.

ఆ రోజుల్లో ప్రతి ఇంట్లోనూ ఒకటే మాట. ఫలానా బావిలో తుపాకులు దొరికాయట, ఫలానా గడ్డివాములో తూటాలు దొరికాయట, దొరికిన ఇంటి మగవాళ్లను లారీ ఎక్కించారట, మళ్లీ కబురు లేదట. ఆయుధాలుంటే అప్పగించమని మిలిట్రీవాళ్లు దండోరా వేయించారు. రోసమ్మ పార వైపు చూసింది, నిద్రపోతున్న పేతురు వైపు చూసింది. వాడి పాదాలు చాప దాటి బయటికి వచ్చాయి. వీణ్ని లారీ ఎక్కిస్తే మళ్లీ కబురు ఉండదు. ఆమెకు తెలిసిందల్లా అంతే.

గంజి తాగేటప్పుడు మెల్లిగా కదిపింది.

"పార తీసినవా?"

"తీసిన."

"ఏడ తవ్వినవ్?"

"తోటల. ఇంకేడ తవ్వుతరు?" గిన్నె కింద పెట్టాడు. "ఏందీ, ఠాణాల అడిగినట్లు అడుగుతున్నవ్?"

"ఊకెనే అడిగిన."

"నువ్వు ఊకెనే ఎన్నడడిగినవ్ వదినె?"

వాడు లేచిపోయాడు. మాట అక్కడే తెగిపోయింది. గుంట తెరిచి చూద్దామంటే గోడ మీద అనసూయమ్మ తల, గేటు బయట వచ్చేపోయే మిలిట్రీ. చీకటి పడితే కర్ఫ్యూ. రోసమ్మ ఆ రెండు రోజులూ గుంట వైపు చూడకుండా తోటంతా ఊడ్చింది. చూడటం లేదని ఎవరైనా గమనిస్తారేమోనని మధ్యలో ఒకసారి చూసింది కూడా.

శనివారం మధ్యాహ్నం జీవరాజుగారు వచ్చాడు. సంఘ పెద్ద, ఆఫీసులో హెడ్ గుమస్తా, గుంటూరు వైపు మనిషి. గొడుగు మడిచి నేరుగా వెనక మూలకే నడిచాడు.

"ఈ గుంట ఎవరిది రోసమ్మా?"

"పాతది అయ్యగారు."

"పాతదైతే దీని మీద గడ్డేదీ? పక్కవాటి మీదంతా మోకాలెత్తున పెరిగిందే." గొడుగు కొనతో మొరాన్ని కదిపాడు. "సిలువ లేదు, పేరు లేదు. అందరినీ అడిగాను. ఈ మధ్య మా ఇంట్లో ఎవరూ పోలేదంటే మా ఇంట్లో ఎవరూ పోలేదంటున్నారు. మరి లోపలున్నదెవరు?"

రోసమ్మ నోరు తెరవబోయి ఆగింది. ముందుగుంట అని చెబితే, అయితే తవ్వి చూపించు అంటాడు.

"నీ మరిది ఇన్నాళ్లూ ఎక్కడున్నాడు?"

"లారీ మీదున్నడు."

"ఎవరి లారీ?"

ఆమె తల వంచుకుంది. జీవరాజుగారు జేబురుమాలుతో మెడ తుడుచుకున్నాడు. 

"నీ మీద నాకు కోపం లేదమ్మా, భయం. నాకు తెలిసేసరికే ఎవరో మిలిట్రీవాళ్ల చెవిలో ఊదేశారు. రేపు ఆరాధన కాగానే వస్తారు. లోపల ఏదన్నా దొరికితే నీతో పోదు, సంఘమంతటినీ అనుమానిస్తారు. ఉంటే ఇప్పుడే చెప్పు."

"ఏం లేదు అయ్యగారు."

"లేదని నీకు గట్టిగా తెలుసా?"

తెలియదు. అదే ఆమె బాధ. ఆ సాయంత్రం నుంచే సంఘం కుర్రాళ్లు ఇద్దరు కూలిన గోడ మీద కూర్చున్నారు. కాపలాకి అనలేదు, గాలికి అన్నారు.

ఆదివారం ఒక జమాదారు, ఇద్దరు సిపాయిలు వచ్చారు. వెనకే జీవరాజుగారు, కొత్త పాదిరిగారు, గుడి నుంచి తిన్నగా వచ్చిన నలుగురైదుగురు సంఘస్థులు. జమాదారు గుంటను బూటుతో ఒకసారి నొక్కి, పేతురు వైపు వేలు చూపి, తవ్వమన్నట్టు, "ఖోదో" అన్నాడు.

పేతురు పార అందుకున్నాడు. రోసమ్మ అడ్డం వచ్చి ఆ పార లాక్కుంది.

"నేను తవ్వుత. గిది నా గుంట." జమాదారుకు అర్థం కాదేమోనని ఉర్దూలోనూ అంది. మళ్లీ తెలుగులో, అందరికీ వినబడేలా అంది. "దీంట్ల ఏమెల్లినా నాది. పిల్లగానికి ఏం తెల్వది."

తవ్వేముందు ఒక్కసారి తలెత్తింది. పేతురు ఆమెనే చూస్తున్నాడు. మొఖాన కొట్టినవాళ్లను చూసినట్టు చూస్తున్నాడు. అప్పుడు ఆగి ఆలోచించే వ్యవధి లేదు. పార దింపింది.

పైన మొరం. జానెడు కింద మొరం. మోకాలి లోతుకు మొరమే. ప్రతి పారకూ ఆమె చెవి ఇనుము చప్పుడు కోసం వెతికింది. నడుం లోతుకు దిగాక ఒక ముద్ద చేతిలోకి తీసుకుంది. పసుపు రంగు, మధ్యలో గుండ్రటి కంకర. ఆ రంగు చూసి ఆమె చెయ్యి ఆగిపోయింది. ఈ తోట కింది బండ గులాబి రంగుది. దాని మొరం కూడా గులాబిదే అవుతుంది, పసుపుది కాదు. ఇది ఎక్కడో వేరే బండకు పుట్టింది, రోడ్డుకు పోసే మొరం. మరి గదిలో పారకు అంటుకున్నదో? గులాబిది. రెండు రోజులు ఆ పార ఆమె కళ్ల ముందే ఉంది. రంగు చూసింది, కాని భయంలో దాన్ని లెక్క చెయ్యలేదు.

పార అడుగున బండకు తగిలి ఖంగుమంది. సిపాయిలు తుపాకులు సర్దుకున్నారు. బండ తప్ప ఏమీ లేదు. జమాదారు వంగి చూసి, "కుఛ్ నహీ" అని చేతులు దులుపుకున్నాడు. జీవరాజుగారు పెద్దగా ఊపిరి వదిలాడు.

రోసమ్మ మాత్రం గుంటలోనే నిలబడి చుట్టూ చూస్తోంది.

"నా మన్నేది?"

"ఏంటీ?" అన్నాడు జీవరాజుగారు.

"నా మన్నయ్యా! గుంట నిండ ఉండాలె. నల్లమన్ను. మా ఆయన షురూ చేసిండు. ఎవరెత్తుకపోయిండ్రు?"

ఆమె ఏమంటోందని జమాదారు అడిగాడు. మట్టి దొంగతనం జరిగిందంటోందని జీవరాజుగారు ఇబ్బందిగా చెప్పాడు. సిపాయిలు పడి పడి నవ్వారు. ఊళ్లకు ఊళ్లు దోపిడీ అయ్యాయి, ఈమెకు మట్టి బెంగ పట్టుకుందని జమాదారు కూడా నవ్వుతూనే గేటు దాటాడు.

నవ్వు పోయాక జీవరాజుగారికి అసలు ప్రశ్న గుర్తొచ్చింది. "ఇంతకీ ఎవరూ చావకుండా గుంట ఎందుకు తవ్వినట్టు?"

ఇక దాచడానికేమీ లేదు. రోసమ్మ చెప్పింది. చెబుతుంటే సంఘస్థులు ఒక్కొక్కరు ఒక్కో అడుగు వెనక్కి వేశారు.

"అంటే... మాలో ఎవరికోసమో ముందే సిద్ధం చేసి పెట్టావన్నమాట."

"ఎవరికోసమో నాకేమెరుక అయ్యగారు? ఎవరు ముందొస్తరో ప్రభువుకెరుక."

ఒక ముసలాయన చప్పున గుంట అంచు నుంచి తప్పుకున్నాడు. కమిటీ కూర్చుని గది విషయం తేలుస్తుందని జీవరాజుగారు చెప్పి వెళ్లిపోయాడు. తుపాకుల అనుమానం పోయింది. దాని చోట ఇంకో అనుమానం వచ్చి కూర్చుంది.

గదిలో పేతురు బట్టలు మూట కడుతున్నాడు.

"గా మన్ను సోమయ్య ఎత్తుకపోయిండు," అన్నాడు వెనక్కి తిరక్కుండానే. "బంగళాలల్ల మాలీ పని చేస్తడు సూడు, గాయన. నేను దుంకిన పొద్దు ఆఖరు బండి తోలుకపోతుండె. నువ్వు గుడిల ఉన్న నాలుగు దినాలు గోడ కూల్చి ఎత్తిండేమో. గుంట కానరాకుండ రోడ్డు మొరం నింపిండు."

"మరి చెప్పకపోతివి?"

"చెప్తే, గంత పొద్దుగాల నువ్వేడికెల్లి వస్తున్నవ్ రా అని అడగరా?"

"పారకు మొరం..."

"అన్న గుంట మీద మన్ను కుంగింది. గోడ కాడి మొరం తెచ్చి పోసిన." వాడు మూట ముడి బిగించాడు. "మూలమూలా ఊడ్చినవ్ గద. అన్న కాడ చూడలేదా?"

రోసమ్మ చూడలేదు. ఆ రెండు రోజులూ ఆమె చూసిందంతా గుంటనూ, పేతురునూ.

"రా," అంది. "సోమయ్య ఏ ఇంటికి వేసిండో చూపి, తర్వాత పోదువు."

సోమయ్య దొరకలేదు. దొరికింది మన్ను. బడిలో చెప్పే మేబెల్ టీచరమ్మ వసారా చుట్టూ గులాబి కుండీలు వరసగా ఉన్నాయి. ప్రతి కుండీలో నల్లగా నిగనిగలాడుతోంది. రోసమ్మ వంగి కొంచెం తీసి వేళ్ల మధ్య నలిపింది. లోపల తుప్పు పట్టిన సన్నతీగ ముక్క ఉంది, పూలచక్రాలు కట్టే తీగ.

"ఏంటి రోసమ్మా, గులాబీలు కావాలా?" టీచరమ్మ నవ్వుతూ బయటికి వచ్చింది. "చూశావా ఎలా లేచాయో! సోమయ్య ఎక్కడిదో మంచి ఆకుమట్టి తెచ్చాడు."

"సమాధుల తోటది టీచరమ్మా. నా గుంటలకెల్లి తీసిండు."

టీచరమ్మ చేతిలోని చెంబు జారి నీళ్లన్నీ ఆమె చెప్పుల మీద పడ్డాయి. "గుంటా? అంటే అందులో... ఎవరన్నా..."

"ఎవరు పండలే. ఆకులే. పండెటోళ్ల కోసం పెట్టింది."

"అమ్మ బాబోయ్. నిన్ననే బల్ల మీద పెట్టాను ఆ పూలు." కుర్చీలో కూలబడింది. కొంచెం తేరుకున్నాక అంది, "నాకేం తెలుసు రోసమ్మా? మట్టే కదా అనుకున్నాను. మట్టి ఎవరిదో అని ఎవరడుగుతారు?"

"అడగరమ్మా." రోసమ్మ గొంతు పెంచలేదు. "కాని గా మట్టి పోయి గుంటల మొరం వచ్చింది. మొరం చూసి మిలిట్రీ వచ్చింది. గీ పిల్లగాన్ని లారీ ఎక్కించేటోళ్లు. ఇప్పుడు నన్ను గదిల ఉండనియ్యమంటున్నరు."

టీచరమ్మ పేతురును చూసింది, కుండీలను చూసింది. తీసుకుపో అంటే తన గులాబీలు పోతాయి. దొంగమట్టి కొన్నానని చెబితే సంఘంలో పరువు పోతుంది. ఆమె చెబుతుందో లేదో ఆ మొఖం చూసి రోసమ్మ తేల్చుకోలేకపోయింది. ఇంతకుముందైతే మంచి మనిషి, చెబుతుంది అనుకునేది. ఈ నాలుగు రోజులూ అనుమానించి అనుమానించి ఆమెకు మొఖాలు చదవడం చేత కావడం లేదు.

"జీవరాజుగారితో నేనే మాట్లాడతాను," అంది చివరికి టీచరమ్మ. "ఆయన కూడా రెండు కుండీలకు పోయించుకున్నాడులే. గట్టిగా అనలేడు."

పేతురు ముక్కుతో నవ్వాడు. తిరిగి వచ్చాక వాడు నవ్వడం అదే మొదలు. మన్ను మాత్రం సగమే తిరిగి వస్తుందని రోసమ్మకు అర్థమైంది. వేళ్లు పట్టుకున్నదాన్ని లాగితే చెట్టు చస్తుంది. మిగతాది ఎన్ని బంగళాలకు పోయిందో. అబ్రహాం చేతి మన్నంతా ఊరి మీద చెదిరిపోయింది.

ఇంటికి వచ్చేసరికి పొద్దు వాలుతోంది. పేతురు మూట పక్కన పెట్టుకుని వసారాలో కూర్చున్నాడు. పోలేదు, ఉంటాననీ అనలేదు.

"దీంట్ల ఏమెల్లినా నాది అన్నవ్. ఏమెల్తదనుకున్నవ్?"

"తుపాకులు."

"నేను పెట్టిన అనుకున్నవ్."

"అనుకున్న."

"ఒక్కపాలి అబద్ధం ఆడరాదె వదినె!"

"నీతోని ఆడలేను."

"తుపాకులెల్తే నిన్ను తీస్కపోతుండె. తెలిసే అన్నవ్. నాకు గది సమజైత లేదు. నమ్మకపోతివి, అయినా నిలబడ్తివి."

రోసమ్మ పొయ్యిలో పుల్లలు సర్దింది. పేతురే చెప్పడం మొదలుపెట్టాడు. అవును, ఆ లారీ రజాకార్లను మోసింది. తనే తోలాడు, వీపుకు తుపాకీ ఆనించి కూర్చుంటే తోలాడు. ఒక ఊరి బయట డీజిల్ అయిపోయిందని చెప్పి దిగి, చెరుకుతోటలో పడి పారిపోయాడు. దేవమ్మ అనే ముసలామె గొడ్ల కొట్టంలో దాచి అంబలి పోసింది. మిలిట్రీ వచ్చిందని విన్నాక కూడా బయటికి రాలేదు. మొదట రజాకార్లు చంపుతారని భయం, తర్వాత మిలిట్రీవాళ్లు పట్టుకుంటారని భయం.

"గా ఊళ్లె ఏం జరిగింది?"

పేతురు మూట ముడిని వేలితో లాగుతూ కూర్చున్నాడు.

"సగమే చెప్పినవ్," అంది రోసమ్మ.

"సగం రేపు చెప్త."

"రేపుంటవా?"

వాడు మూట తీసుకున్నాడు. చేతిలో ఒకసారి బరువు చూసినట్టు ఆడించి, వసారా అంచున పెట్టి, దాని మీద తల ఆన్చి పడుకున్నాడు. రోసమ్మ కొంచెంసేపు అనుమానంగా అటే చూసి, పొయ్యి మీది కుండలో ఇంకో గుప్పెడు బియ్యం పోసింది.